చుక్క తర్వాత తొమ్మిది



మేడమ్‌గారి స్మారకోపన్యాసానికి ఇన్నాళ్లూ డాక్టర్లే వచ్చి మాట్లాడారు. నేను డాక్టరును కాను. ఆస్పత్రి రికార్డుల విభాగంలో, మనవాళ్లు ఎంఆర్‌డీ అంటారే, అక్కడ పనిచేసి రిటైరయ్యాను. తర్వాత కొంతకాలం అమీర్‌పేటలో మెడికల్ కోడింగ్ నేర్చుకునే పిల్లలకు పాఠాలు చెప్పాను. డాక్టరు రాసింది చదివి దానికి తగిన కోడ్ వేయడం నా వృత్తి. గైనిక్‌లో మేడమ్ యూనిట్ నుంచి కేస్‌షీట్లు వచ్చాయంటే మా సెక్షన్‌లో పోటీపడి తీసుకునేవాళ్లం. అక్షరం కుదురుగా ఉండడం ఒక కారణం. తనకు ఎంతవరకు తెలిసిందో అంతవరకే రాయడం అసలు కారణం.

వైద్యం గురించి మాట్లాడే అర్హత నాకు లేదు. వైద్యం కాగితం మీదికెక్కాక ఏమవుతుందో మాత్రం చెప్పగలను. అందులోనూ ఈ సాయంత్రం ఒకే ఒక్క అంకె గురించి చెబుతాను.

వ్యాధులకు అంతర్జాతీయ వర్గీకరణ ఒకటుంది, ఐసీడీ అంటాం. ప్రపంచ ఆరోగ్య సంస్థ నడుపుతుంది. నేను పనిచేసినదంతా దాని పదో కూర్పుతోనే. 1990 మేలో ప్రపంచ ఆరోగ్య సభ దాన్ని ఆమోదించింది. ఒక అక్షరం, రెండంకెలు, ఒక చుక్క, ఆ తర్వాత ఇంకో అంకె: ఇదీ కోడ్ రూపం. పద్నాలుగో అధ్యాయం ‘ఎన్’ అక్షరానిది. మూత్రపిండాలు, మూత్రాశయం, పురుషుల జననాంగాలు, స్త్రీల జననాంగాలు అన్నీ ఆ ఒక్క కప్పు కిందే. ఎన్70 నుంచి ఎన్77 దాకా స్త్రీల కటి అవయవాల ఇన్ఫెక్షన్లు, వాపులు. ఎన్80 నుంచి ఎన్98 దాకా మిగతావి. వాటిలో ఎన్94 నొప్పికీ, నెలసరితో ముడిపడిన ఇతర బాధలకూ. నెలసరికి నెలసరికి నడుమ, అండం విడుదలయ్యే రోజుల్లో వచ్చే నొప్పి ఎన్94.0. నెలసరికి ముందు వచ్చే ఉబ్బరం, చిరాకు ఎన్94.3. బహిష్టు నొప్పికి 4, 5, 6 అంకెలు. చిట్టచివర ఎన్94.9. ఆడవాళ్ల జననాంగాలకో నెలసరికో సంబంధించి ఏదో ఇబ్బంది ఉంది, ఏమిటన్నది కాగితంలో లేదు అని ఆ కోడ్ చెబుతుంది.

చుక్క తర్వాత 8 వస్తే ఒక కథ, 9 వస్తే ఇంకో కథ. 8 అంటే డాక్టరుకు జబ్బేమిటో తెలుసు, మా పుస్తకంలో దానికి విడిగా గడి లేదు. 9 అంటే పుస్తకంలో గడులున్నాయి, ఏ గడిలో వేయాలో చెప్పే మాట కాగితం మీద లేదు. మొదటిది పుస్తకంలో లోటు, రెండోది రికార్డులో లోటు. కొత్త కోడర్లకు ఈ తేడా వంటబట్టడానికి కొన్ని నెలలు పడుతుంది. కొందరు డాక్టర్లకు సర్వీసంతా సరిపోదు. అసహజ రక్తస్రావం, ఏ రకమో రాయలేదు: ఎన్93.9. కటి అవయవాల ఇన్ఫెక్షన్, ఎక్కడిదో రాయలేదు: ఎన్73.9. సంతానలేమి, కారణం రాయలేదు: ఎన్97.9. గర్భాశయానికి ఏదో అయింది, వాపు మాత్రం కాదు: ఎన్85.9. గైనిక్ వార్డు కట్టలు విప్పితే ఈ తొమ్మిదులు వరసపెట్టి వస్తాయి.

ఈ పుస్తకం పుట్టుకలోనే స్త్రీల జబ్బులకు ఒక చిక్కు ఉంది. ఇంగ్లండులో జనన మరణాల నమోదు 1837లో మొదలైంది. ఆ కార్యాలయంలో గణాంకాలు చూసిన విలియం ఫార్ 1839 నాటి మొదటి వార్షిక నివేదికలోనే గోల పెట్టాడు: ఒకే జబ్బుకు మూడు నాలుగు పేర్లు రాస్తున్నారు, ఒకే పేరును మూడు నాలుగు జబ్బులకు వాడుతున్నారు, ఇలాగైతే లెక్కెలా తేలుతుందని. 1853లో బ్రస్సెల్స్‌లో గణాంకవేత్తల అంతర్జాతీయ సభ జరిగినప్పుడు అందరికీ పనికొచ్చే జాబితా తయారుచేసే పని ఆయనకూ, మార్క్ డెస్పిన్ అనే మరొకాయనకూ అప్పగించారు. ఆ దారిలోనే 1893లో చికాగోలో పారిస్ వాడైన జాక్ బెర్తియోన్ 161 శీర్షికల జాబితా సమర్పించాడు. ఈయన తమ్ముడు అల్ఫోన్స్. నేరస్థుల ముక్కూ చెవీ కొలిచి గుర్తుపట్టే పద్ధతి పోలీసులకు నేర్పినవాడు. అన్న రోగాలకు, తమ్ముడు దొంగలకు వరసలు కట్టారన్నమాట. ఆ ఇంట్లో భోజనాల దగ్గర ఏం మాట్లాడుకునేవారోనని నాకెప్పుడూ ఒక కుతూహలం.

చిక్కేమిటంటే, అది చావుల జాబితా. మనుషులు దేనివల్ల పోయారో లెక్కపెట్టడానికి పుట్టింది. బతికుండి బాధపడేవాళ్ల జబ్బులు అందులోకి సక్రమంగా చేరింది 1948లో, ఆరో కూర్పును ప్రపంచ ఆరోగ్య సంస్థ చేపట్టినప్పుడు. బహిష్టు నొప్పితో ఎవరూ చచ్చిపోరు. తెల్లబట్టతో చచ్చిపోరు. గర్భసంచి జారి పదేళ్లు అవస్థపడ్డ మనిషి చివరికి పోయేది గుండెపోటుతో. కాబట్టి ఆ జాబితాకు ఈ బాధలు చాలాకాలం అవసరమే పడలేదు. ప్రసూతి మరణాలకు మొదటినుంచీ చోటుంది, ప్రసూతి కాని బాధలకు ఆలస్యంగా దొరికింది.

దొరికిన చోటు కూడా చెల్లాచెదురు. గర్భాశయంలో గడ్డలు, మనం ఫైబ్రాయిడ్లంటాం, అవి డీ25లో కణుతుల అధ్యాయంలో ఉంటాయి. పీసీఓఎస్ ఈ28.2, గ్రంథుల జబ్బుల్లో. గర్భాశయ ముఖద్వారం కేన్సర్ సీ53. ఏ అవయవమో తేలని పొత్తికడుపు నొప్పికి లక్షణాల అధ్యాయంలో ఆర్10.2. గైనకాలజిస్టు గదిలో ఒక పూటలో కూర్చున్న ఆడవాళ్లందరూ మా పుస్తకంలో అయిదారు అధ్యాయాల్లోకి చెదిరిపోతారు. జిల్లాలో స్త్రీల వ్యాధులెన్ని అని అడిగి, ‘ఎన్’ అధ్యాయం ఒక్కటే కూడి ఇచ్చిన పట్టికలు నేను చూశాను. వాటి మీద బడ్జెట్లు వేయడమూ చూశాను.

ఇప్పుడొక ఓపీ చీటీ చూద్దాం. పేరు అక్కర్లేదు, ఇలాంటివి మీ అందరి చేతుల మీదుగానూ పోయినవే. వయసు ముప్పై నాలుగు. పీ2ఎల్2, అంటే రెండు కాన్పులు, ఇద్దరు పిల్లలూ బతికున్నారు. ట్యూబెక్టమీ అయింది. తెల్లబట్ట, ఆరు నెలలు. నడుము నొప్పి. ఆ కింద అడ్డంగా ఒక గీత. గీత కింద ‘పీఐడీ’, అంటే కటి అవయవాల ఇన్ఫెక్షన్, అని రాసి ముందొక ప్రశ్నార్థకం. దాని పక్కన మూడు మందులు, అయిదు రోజులకు. అంతే. స్పెక్యులమ్ పెట్టి చూశారా, చూస్తే ముఖద్వారం ఎలా ఉంది, పాప్ స్మియర్ తీశారా, నొప్పి నెలసరి రోజుల్లోనా, రోజూనా, ఏదీ లేదు. సోమవారం ఓపీలో హౌస్‌సర్జన్ ముందు క్యూ వరండా దాటి మెట్ల దాకా ఉంటుంది. ఆ చీటీ రాసిన అమ్మాయిని తప్పుపట్టడానికి నాకు నోరు రాదు. పరీక్ష బల్ల ఒకటే, తెర సగం చిరిగింది, లోపల ఒకావిడ ఉంటే బయట ఇంకొకావిడ చీర కుచ్చిళ్లు పట్టుకుని నిలబడాలి.

మన ప్రభుత్వాసుపత్రుల్లో ఓపీ చీటీలకు కోడ్ వేసే అలవాటు తక్కువ. చేరినవాళ్ల కేస్‌షీట్లకే వేస్తాం. ఆ చీటీకి వేయాల్సి వస్తే మాత్రం నేను ఏ మొహమాటమూ లేకుండా లక్షణాలే వేస్తాను: నడుము నొప్పికి ఒకటి, తెల్లబట్టకు ఒకటి. లేదంటే తొమ్మిది. ప్రశ్నార్థకం ఉన్న పీఐడీని పీఐడీగా వేయను. నా దృష్టిలో మొదటి రోజు తొమ్మిది నిజాయితీ గల అంకె. తెలియనిది తెలియదని చెబుతోంది. అమీర్‌పేటలో పిల్లలకు ‘అన్‌స్పెసిఫైడ్ కోడ్ వేయడం బద్ధకం’ అని నూరిపోసే మాస్టర్లున్నారు. వాళ్లతో నేను ఒప్పుకోను. బద్ధకం కోడ్‌లో ఉండదు. అదే మనిషి రెండోసారి, మూడోసారి, నాలుగోసారి వచ్చినా తొమ్మిదే పడుతుంటే ఎవరూ పట్టించుకోకపోవడంలో ఉంటుంది. ఇంటికి కొత్త సామాను వచ్చినప్పుడు ఎక్కడ సర్దాలో తేలక అటకెక్కిస్తాం. ఆ రోజుకు అది సరైన పనే. పదేళ్ల తర్వాత కూడా అక్కడే ఉంటే సామాను తప్పు కాదు.

మేడమ్ చేసే పని ఇక్కడ చెప్పాలి. తేలని కేసు అయితే తేలలేదని రాసి, పక్కన ‘మళ్లీ చూడాలి’ అని తేదీ వేసి, ఆ రోజుకు ఏ పరీక్ష అయి ఉండాలో కూడా రాసేవారు. ‘మూడో నెలసరి తర్వాత, నొప్పి వచ్చిన తేదీలు రాసుకురమ్మని చెప్పాను.’ చదువురాని వాళ్లకయితే క్యాలెండరు కాగితం ఇచ్చి నొప్పి వచ్చిన రోజున చుక్క పెట్టమనేవారు. ఆ కాగితాలు నూనె మరకలతో, పసుపు మరకలతో కేస్‌షీట్లో పిన్ను కొట్టి వచ్చేవి. వాటికి మా పుస్తకంలో కోడ్ లేదు. కానీ తొమ్మిది పోయి దాని స్థానంలో వేరే అంకె రావడానికి అవే కారణమయ్యేవి.

తొమ్మిదికి ఇంకో లోకం ఉంది. అది హైదరాబాదు రాత్రి షిఫ్టుల లోకం. అమెరికా ఆస్పత్రుల రికార్డులకు ఇక్కడ కూర్చుని కోడ్‌లు వేసేవాళ్లు మన రెండు రాష్ట్రాల్లో వేలమంది. బీఫార్మసీ, మైక్రోబయాలజీ, నర్సింగ్, ఫిజియోథెరపీ చదివిన పిల్లలు, అందులో ఆడపిల్లలు ఎక్కువ. అమెరికా తన సొంత రూపం చేసుకుంది, ఐసీడీ-10-సీఎం అని. 2015 అక్టోబరు 1 నుంచి అక్కడ అదే. అంతకుముందున్న తొమ్మిదో కూర్పులో సుమారు 14 వేల కోడ్‌లుంటే, ఇందులో 70 వేలకు దగ్గర. సంఖ్య పెరిగినా ఎన్94.9 అలాగే ఉంది.

అక్కడి నిబంధనల్లో ఒకటి నాకు బాగా నచ్చుతుంది. ఓపీ కేసులో డాక్టరు ‘కావచ్చు’, ‘అనుమానం’, ‘కాదని తేల్చాలి’ అని రాస్తే ఆ జబ్బును కోడ్ చేయకూడదు, లక్షణాన్నే చేయాలి. అదే మనిషి ఆస్పత్రిలో చేరి, డిశ్చార్జి నాటికి కూడా ‘ఫలానా జబ్బు కావచ్చు’ అని రాసి ఉంటే, అప్పుడు ఉన్నట్టుగానే కోడ్ చేయవచ్చు. ఒకే అనుమానం గడప ఇవతల లక్షణం, గడప అవతల జబ్బు. విన్నవాళ్లకు వింతగా ఉంటుంది. దానికో తర్కముంది. చేరిన మనిషి మీద ఆ అనుమానంతోనే పరీక్షలూ మందులూ ఖర్చవుతాయి. ఓపీ మనిషికి మాత్రం ఆ అనుమానం జీవితాంతం రికార్డులో ముద్రగా మిగిలిపోవచ్చు. ఆ రెండో భయం మన దగ్గర ఎవరికీ లేదు.

ఇంకో నిబంధన, ప్రతి సందర్శనకూ ఆ రోజు ఎంతవరకు తెలిసిందో అంతవరకే కోడ్ వేయాలని. వివరం లేని కోడ్ తప్పు కాదని, కోడ్ మరింత స్పష్టంగా ఉండాలని అవసరం లేని పరీక్షలు చేయించకూడదని ఆ మార్గదర్శకాల్లోనే రాసి ఉంది. కానీ డబ్బు చెల్లించే బీమా కంపెనీకి తొమ్మిది అంటే కిట్టదు. క్లెయిమ్ వెనక్కి వస్తుంది. అప్పుడు కోడర్ డాక్టరుకు ప్రశ్న పంపాలి. దాన్ని ‘క్వెరీ’ అంటారు. అందులో ‘ఇది ఎండోమెట్రియోసిస్ అని రాయండి’ అని సూచించకూడదు, ఉన్న ఆధారాలు చూపించి ఏమంటారో అడగాలి. జవాబు రావడానికి రోజులు పడుతుంది, టార్గెట్ మాత్రం గంటకు ఇన్ని చార్టులని ఉంటుంది. నా దగ్గర చదువుకున్న ఒకమ్మాయి ఫోన్ చేసి, ‘మేడమ్, అల్ట్రాసౌండ్‌లో చిన్న సిస్టు అని ఉంది, డాక్టరు నొప్పి అని మాత్రమే రాశారు, సిస్టు కోడ్ వేసేస్తే క్లెయిమ్ పాసవుతుంది కదా’ అంది. ‘పాసవుతుందమ్మా, కానీ సిస్టు వల్లే నొప్పి అని ఎవరన్నారు?’ అన్నాను. ఆమె కాసేపు ఊరుకుని, ‘క్వెరీ పెడతాను’ అంది. ఇలాంటి చోటే తొమ్మిదిని తప్పించుకోవాలన్న తొందర అబద్ధం అవుతుంది. నా లెక్కలో వివరం లేని నిజం కన్నా వివరంగా ఉన్న అబద్ధమే పెద్ద ప్రమాదం. ఎందుకంటే తొమ్మిదిని చూసినవాడు ఇంకా వెతకాలనుకుంటాడు, వేరే అంకెను చూసినవాడు వెతకడం మానేస్తాడు.

ఎండోమెట్రియోసిస్ విషయంలో అమెరికా వాళ్లు 2022 అక్టోబరు 1 నుంచి కోడ్‌లను పదుల సంఖ్యలో పెంచారు. పైపైన ఉందా, లోతుకు దిగిందా, ఎడమ అండాశయమా, కుడిదా, ఇలా. ఈ జబ్బు పునరుత్పత్తి వయసులో ఉన్న స్త్రీలలో సుమారు 10 శాతం మందికి ఉంటుందని ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా. బయటపడడానికి ఏళ్లు పడుతుంది. ఆ ఏళ్లన్నీ ఆ మనిషి రికార్డులో బహిష్టు నొప్పి, పొత్తికడుపు నొప్పి, తొమ్మిది, తొమ్మిది అనే ఉంటుంది. జబ్బు తేలిన తర్వాత వాడడానికి ఎన్ని కోడ్‌లున్నా, తేలకముందు నడిచిన దారి మొత్తం ఆ రెండు మూడు కోడ్‌ల్లోనే ఉంది. పరిశోధకులెవరైనా ఆలస్యం ఎక్కడ జరుగుతోందో చూడాలనుకుంటే వెనక్కి వెళ్లి తొమ్మిదుల్నే చదవాలి.

ఇక మన వైపు వద్దాం. గోదావరి అవతల, సిరొంచ దగ్గర మొదలయ్యేది గడ్చిరోలి జిల్లా. అక్కడ రెండు పల్లెల్లో డాక్టర్ రాణీ బంగ్, ఆమె సహచరులు చేసిన అధ్యయనం 1989 జనవరిలో ‘లాన్సెట్’ పత్రికలో వచ్చింది. ఆస్పత్రికి వచ్చినవాళ్లను కాక, ఊళ్లో ఉన్న ఆడవాళ్లను పిలిచి పరీక్ష చేశారు, ల్యాబు పరీక్షలతో సహా. 650 మంది. వాళ్లలో 92 శాతం మందికి ఏదో ఒక స్త్రీ వ్యాధో లైంగిక వ్యాధో ఉంది. సగటున ఒక్కొక్కరికి 3.6 జబ్బులు. అంతకుముందు ఎప్పుడైనా గైనిక్ పరీక్ష జరిగినవాళ్లు 8 శాతం. బాధ ఉందని నోరు విప్పి చెప్పినవాళ్లు 55 శాతం మాత్రమే, మిగతావాళ్లకు ఏ ఫిర్యాదూ లేదు. నేను ఈ లెక్కను మా భాషలో చదువుకుంటాను: బల్ల మీద పడుకోబెట్టి చూస్తే తొమ్మిది దాదాపుగా మాయమవుతుంది. అక్కడ దొరికినవన్నీ పేర్లున్న జబ్బులే. పరీక్ష లేకపోవడం వల్ల పుట్టిన అస్పష్టతను మనం జబ్బు స్వభావం అనుకుంటున్నాం.

పరీక్ష కుదరని చోట ప్రభుత్వం ఒక దారి కనిపెట్టింది. లక్షణాన్ని బట్టి మందుల పొట్లం. సుఖవ్యాధుల నియంత్రణ కార్యక్రమంలో రంగు రంగుల కిట్లుంటాయి. తెల్లబట్ట అంటే ఆకుపచ్చ కిట్టు, పొత్తికడుపు నొప్పి అంటే పసుపుపచ్చ కిట్టు. ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో ఏఎన్ఎంకు ఏ ఐసీడీ తెలియకపోయినా రంగు తెలుసు. దీన్ని నేను వెక్కిరించను. ఎందరికో నయమైంది. కానీ గోవాలో విక్రమ్ పటేల్ బృందం 2005లో ప్రచురించిన అధ్యయనంలో, తెల్లబట్ట ఫిర్యాదుకు ఇన్ఫెక్షన్లతో ఉన్న సంబంధం కన్నా మనోవ్యథతో, ఇంటి కష్టాలతో ఉన్న సంబంధం గట్టిగా కనబడింది. ‘తెల్లబట్ట అవుతోందమ్మా, ఒంట్లో సత్తువ పోతోంది’ అని వచ్చిన మనిషికి ఆకుపచ్చ కిట్టు ఇచ్చి పంపితే, చెప్పాలనుకున్నది చెప్పకుండానే వెళ్లిపోతుంది. ఆమె చీటీ మీద తొమ్మిది రాసి కూర్చోబెట్టి మాట్లాడించే తీరిక ఎవరికైనా ఉంటే, అదే మెరుగైన వైద్యం.

తీరిక లేనప్పుడు ఏం జరిగిందో మన రెండు రాష్ట్రాలకు చెప్పనక్కర్లేదు. గర్భసంచి తీయించుకున్నారా అని జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే మొదటిసారి అడిగింది 2015–16లో. 15 నుంచి 49 ఏళ్ల వయసు స్త్రీలలో దేశం మొత్తం మీద 3.2 శాతం. ఆంధ్రప్రదేశ్‌లో 8.9, తెలంగాణలో 7.7. దేశంలో మొదటి రెండు స్థానాలూ మనవే. మూడింట రెండు వంతుల ఆపరేషన్లు ప్రైవేటు ఆస్పత్రుల్లో జరిగాయి. కారణం ఏమిటంటే సగానికి పైగా చెప్పింది అధిక రక్తస్రావం లేదా నొప్పి. ఇవి జబ్బుల పేర్లు కావు, లక్షణాలు. చుక్క తర్వాత తొమ్మిది వేయాల్సిన కారణాలతో కత్తి పట్టారన్నమాట.

మెదక్ జిల్లా పల్లెల్లో డాక్టర్ ఎస్.వి. కామేశ్వరి, డాక్టర్ ప్రకాశ్ వింజమూరి ఈ సంగతిని సర్వేల కన్నా ముందే, 2009 ప్రాంతంలోనే పైకి తెచ్చారు. ముప్పై ఏళ్లు నిండకముందే పెద్దాపరేషన్ అయిపోయినవాళ్లు, అండాశయాలు కూడా తీసేయడంతో ముందే ముట్టుడిగి కీళ్లు పట్టేసినవాళ్లు. వీళ్లలో చాలామందికి ఆపరేషన్‌కు ముందు చెప్పిన మాట ఒకటే: ‘గర్భసంచి మూతికి పుండు పడింది, తీయించకపోతే కేన్సర్ అవుతుంది.’ ఈ పుండుకు మా పుస్తకంలో ఎన్86 అని కచ్చితమైన కోడే ఉంది. చాలా సందర్భాల్లో అది జబ్బే కాదని, ముఖద్వారం లోపలి పొర కొంచెం బయటికి కనబడడమేనని, వయసును బట్టీ కాన్పులను బట్టీ మామూలుగా ఉండేదేనని ఇక్కడున్న డాక్టర్లందరికీ తెలుసు. ఇందాక నేనన్న వివరంగా ఉన్న అబద్ధం ఇదే. ఆ చీటీ మీద తొమ్మిది ఉంటే ఆ మనిషికి గర్భసంచి మిగిలేదేమో.

ఇంకో విడ్డూరం వినండి. గర్భసంచి తీసేశాక రికార్డు చాలా స్పష్టంగా మారిపోతుంది. జననాంగాలు తీసేసిన స్థితికి జెడ్90.7. అమెరికా కూర్పులో అయితే మరీ వివరంగా, గర్భాశయం, ముఖద్వారం రెండూ పోయాయా, ముఖద్వారం మాత్రం మిగిలిందా అన్నదానికి వేరువేరు కోడ్‌లు. ఆపరేషన్ వల్ల అండాశయాలు పనిచేయకపోతే ఈ89.4. లేనిదాన్ని ఇంత కచ్చితంగా నమోదు చేయగలిగిన మనం, ఉన్నప్పుడు దానికేమైందో మాత్రం రాయలేకపోయాం.

పేదల ఆస్పత్రి ఖర్చు భరించే ప్రభుత్వ పథకం ఆరోగ్యశ్రీ 2007 ఏప్రిల్‌లో మొదలైంది. ఆ తర్వాతి ఏళ్లలో ఈ ఆపరేషన్ల గొడవ పెద్దదై ఆంక్షలు వచ్చాయి. బిహార్, ఛత్తీస్‌గఢ్, రాజస్థాన్‌ల సంగతులతో 2013లో వేసిన ప్రజాప్రయోజన వ్యాజ్యంలో సుప్రీంకోర్టు 2023 ఏప్రిల్‌లో తీర్పు చెబుతూ, కేంద్ర ఆరోగ్యశాఖ మార్గదర్శకాలను రాష్ట్రాలన్నీ మూడు నెలల్లో అమలు చేయాలంది. పర్యవేక్షణ కమిటీలు, ఎందుకు తీశారో వివరాల సేకరణ అందులో ఉన్నాయి. రికార్డుల మనిషిగా నాకు కమిటీల మీద పెద్ద నమ్మకం లేదు. ‘కారణం’ అన్న గడిలో ‘డీయూబీ’ అని మూడక్షరాలు రాసి పంపిస్తే కమిటీ దాన్ని లెక్కలో వేసుకుని సంతకం చేస్తుంది. డీయూబీ అంటే కారణం తెలియని రక్తస్రావం. కారణం అడిగిన గడిలో కారణం తెలియదని రాసి, దాన్నే కారణంగా చలామణీ చేయిస్తున్నాం.

ఆ మాటను వదిలేయమని ప్రసూతి, గైనకాలజీ వైద్యుల అంతర్జాతీయ సమాఖ్య ఫిగో 2011లోనే చెప్పింది. దాని బదులు తొమ్మిది కారణాల చట్రం ఇచ్చింది. కంటికి, స్కానింగ్‌కు కనబడేవి నాలుగు: పాలిప్, అడినోమయోసిస్, ఫైబ్రాయిడ్, కేన్సర్ లేదా దాని ముందు దశ. కనబడనివి అయిదు: రక్తం గడ్డకట్టడంలో లోపం, అండం విడుదలలో తేడా, లోపలి పొర సమస్య, మందుల వల్ల లేదా లూపు వల్ల వచ్చేది, చివర ఇంకా ఏ వర్గంలోనూ చేరనిది. వాళ్లు కూడా ఆ చివరి గడిని తీసేయలేదు, గమనించండి. అయితే అక్కడికి చేరాలంటే ముందున్న ఎనిమిదింటినీ చూసి, కాదని రాసి రావాలి. మన కేస్‌షీట్లో తొమ్మిది మొదటి మెట్టు, వాళ్ల చట్రంలో అది చివరి మెట్టు. రక్తస్రావం కేసులకు ఈ పట్టికను కేస్‌షీట్లో అచ్చు వేయించమని నేను సర్వీసులో ఉండగా రెండు యూనిట్లకు చెప్పాను. ఒకటి వేయించింది. రెండోదానికి స్టేషనరీ బడ్జెట్ అడ్డొచ్చింది.

కేన్సర్ మరణాల సంగతి ఒక్క మాటలో. 1969 నాటి జనన మరణాల నమోదు చట్టం కింద ఆస్పత్రి ఇచ్చే ఫారం 4లో మరణ కారణంగా ‘గర్భసంచి కేన్సర్’ అని రాసేస్తారు. ముఖద్వారం అయితే సీ53, గర్భాశయం లోపలిది అయితే సీ54, ఎక్కడిదో రాయకపోతే సీ55. మొదటిదానికి వైరస్ కారణం, టీకా ఉంది, ముందే పట్టుకునే పరీక్ష ఉంది. రెండోది వేరే దారి. దేశంలో ఏటా లక్షకు పైగా స్త్రీలకు ముఖద్వారం కేన్సర్ వస్తోంది. సీ55లో పడిన చావుల్లో దాని వాటా ఎంతో అంచనాతో పంచాల్సిందే తప్ప తెలుసుకునే వీల్లేదు. టీకా పనిచేసిందో లేదో రేపు చూడాలంటే ఈ ఫారాలే చూడాలి.

పదకొండో కూర్పు 2022 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చింది. అందులో తొమ్మిది పోయి ‘జెడ్’ అక్షరం వచ్చింది. మిగిలినవాటికి ‘వై’, వివరం లేనివాటికి ‘జెడ్’. అంకె మారితే పని మారదు. కాబట్టి కొత్త కూర్పు కోసం ఎదురుచూడకుండా ఈ ఆస్పత్రిలో ఇప్పుడే చేయదగిన ఒక పని చెప్పి ముగిస్తాను.

ప్రతి నెలా ఎంఆర్‌డీ ఒక జాబితా తీయాలి. గైనిక్‌లో ఒకే రోగి నంబరు మీద మూడోసారి కూడా లక్షణం కోడో, తొమ్మిదో వేయాల్సి వచ్చేవాళ్ల జాబితా. కొత్త సాఫ్ట్‌వేర్ అక్కర్లేదు, ఓపీ రిజిస్టరులో రోగి నంబరూ, డాక్టరు రాసిన మాటా కంప్యూటర్లోకి ఎక్కితే చాలు. ఒక్కొక్కరి పక్కన ఏ పరీక్ష అయింది, ఏది కాలేదు, ఫోన్ నంబరు. స్పెక్యులమ్ పరీక్ష జరగలేదని ఉన్నవాళ్లు ముందు వరసలో రావాలి. గర్భసంచి ఆపరేషన్‌కు రాసిన వాళ్లెవరైనా ఈ జాబితాలో ఉంటే ఆ పేరు కింద గీత గీయాలి, ఆ కేస్‌షీటు రెండో యూనిట్ చూసిన తర్వాతే థియేటర్ లిస్టులోకి వెళ్లాలి. జాబితా యూనిట్ చీఫ్‌కు వెళ్లాలి, పైకి కాదు. పైకి వెళ్లిందంటే సంఖ్య తగ్గించడానికి హౌస్‌సర్జన్లు ఊహించి అంకెలు వేయడం మొదలుపెడతారు, అది మనకొద్దు. వాళ్లను పిలిచి మాట్లాడడానికి ఒక స్టాఫ్ నర్సుకు వారంలో ఒక పూట వేరే డ్యూటీ లేకుండా ఇవ్వాలి, ఆ చిరిగిన తెర స్థానంలో కొత్తది వేయించాలి. సూపరింటెండెంటుగారు ముందు వరసలోనే కూర్చున్నారు కాబట్టి ఈ రెండూ నేరుగా ఆయన్నే అడుగుతున్నాను.